ఆపుకోరాదని తీర్మానించడమైనది

ఫిబ్రవరి రెండో సోమవారం ఉదయం పది గంటలకు మా ఊరి మునిసిపల్ కౌన్సిల్ పద్నాలుగో నంబరు తీర్మానాన్ని ఏకగ్రీవంగా ఆమోదించింది. మూత్రం ఆపుకోవడం ప్రజా ప్రయోజనాలకు విరుద్ధమని, పౌరులందరూ, ముఖ్యంగా మహిళలు, రోజుకు రెండు లీటర్లకు తగ్గకుండా నీరు తాగి, అవసరం కలిగిన వెంటనే తీర్చుకోవాలని ఆ తీర్మానం సారాంశం. పదకొండు గంటలకు భవనంలో ఉన్న ఒకే ఒక్క ఆడవాళ్ల మరుగుదొడ్డికి తాళం పడింది. ఈ రెంటికీ మధ్య వైరుధ్యమేమీ లేదని, రెండోది మొదటిదాని అమలులో భాగమేనని మధ్యాహ్నానికల్లా నోటీసు బోర్డు మీద ప్రకటన అంటించారు.

ఆ ప్రకటన మొదట చదివింది సునిల్దా బ్రీతెస్. బోర్డు ఆమె కూర్చునే మూడో నంబరు కిటికీకి ఎదురుగా ఉంటుంది. ఆ కిటికీలో ఆమె పదమూడేళ్లుగా నివాస ధ్రువపత్రాలు, బతికి ఉన్నట్టు ధ్రువపత్రాలు ఇస్తోంది. బతికి ఉన్నట్టు ధ్రువపత్రం కావాలంటే మనిషి స్వయంగా రావాలి. ఇచ్చే మనిషి కుర్చీలో ఉండాలి. పూటకు ఒకసారి పది నిమిషాలు లేవవచ్చు. అంతకు మించితే లేచిన కారణం పుస్తకంలో రాసి సంతకం పెట్టాలి. ఆ పుస్తకాన్ని ఊరంతా చూడవచ్చు.

గడిచిన ఏడాది సునిల్దాకు మూత్రంలో ఇన్‌ఫెక్షన్ మూడుసార్లు వచ్చింది. మొదటిసారి మంట. రెండోసారి మంటతో పాటు నడుము నొప్పి. మూడోసారి, నవంబరులో, చలిజ్వరం పట్టుకుని ఐదు రోజులు రాజధాని అసున్సియోన్‌లో ఆసుపత్రి మంచం మీద పడుకుంది. తిరిగి వచ్చాక ఆరోగ్య కేంద్రంలో డాక్టర్ లిస్ ఇన్స్‌ఫ్రాన్ కాగితాలు చూసి, కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టింది.

"చూడక్కా, మందులు ఎన్నిసార్లని రాసివ్వను? నీళ్లు తాగు. వచ్చినప్పుడు వెళ్లు. కడుక్కునేటప్పుడు ముందు నుంచి వెనక్కి. ఆ వాసన సబ్బులు మానెయ్. ఇంతకంటే పెద్ద చదువేం లేదిందులో."

"తాగుతాను డాక్టరమ్మా. వెళ్లడమే నా చేతుల్లో లేదు."

"మరెవరి చేతుల్లో ఉంది? నాలుగోసారి వస్తే ఆ కిడ్నీ మళ్లీ మన మాట వింటుందని నేను హామీ ఇవ్వలేను. చెప్పేశాను."

ఎవరి చేతుల్లో ఉందో సునిల్దా ఆ రోజు చెప్పలేకపోయింది. ఫిబ్రవరి రెండో సోమవారానికి అది తేలిపోయింది. దోన్ అర్సేనియో ఫ్లోరెంతీన్ నడుముకు, బెల్టుకు కట్టిన తాడు చివర, తాళంచెవి రూపంలో వేలాడుతోంది.

దోన్ అర్సేనియో మర్యాదల విభాగానికి అధిపతి. జెండా ఎప్పుడు ఎక్కాలి, ఎవరి కుర్చీ ఎవరి పక్కన పడాలి, మేయర్‌గారి మైకు ఎంత ఎత్తులో ఉండాలి అన్నవి ఇరవై రెండేళ్లుగా ఆయనే చూస్తున్నారు. తీర్మానానికి నెల ముందే ఆయన అధ్యక్షతన ఏడుగురితో ప్రచార కమిటీ ఏర్పడింది. ఏడుగురూ పురుషులే. ఆడవాళ్ల ఇబ్బందిని ఆడవాళ్లకే అప్పగిస్తే నిష్పాక్షికత ఉండదని మేయర్‌గారి అభిప్రాయం. ఈ విషయంలో కమిటీ సభ్యులకు సొంతంగా ఎలాంటి ఇబ్బందీ లేదు. భవనం వెనక మామిడిచెట్టు ఉంది.

కమిటీ ముందుగా కరపత్రం పని చేపట్టింది. రాజధాని నుంచి వచ్చిన నమూనాలో అభ్యంతరకరమైన చోట్లు ఉన్నాయని మొదటి సమావేశంలోనే గుర్తించారు. "ముందు నుంచి వెనక్కి తుడుచుకోవాలి" అన్న వాక్యం చర్చి మెట్ల మీద పంచదగింది కాదు. దాన్ని "సరైన దిశను పాటించవలెను" అని మార్చారు. పక్కనున్న బాణం గుర్తు తీసేశారు. ముసాయిదా నోటీసు బోర్డు ఎక్కాక మూడు రోజులు ఏ దిశ అని కిటికీల దగ్గర అడిగినవాళ్లు ఉన్నారు. తూర్పు అని కొందరు, నదివైపు అని కొందరు నిర్ధారించుకుని వెళ్లారు.

"భార్యాభర్తలు కలిసిన తర్వాత మూత్రానికి వెళ్లవలెను" అన్న వాక్యాన్ని "కుటుంబ బాధ్యతల అనంతరం వెళ్లవలెను" అని శుద్ధి చేశారు. అది బోర్డు మీద చదివి పెన్షన్ తీసుకునే ఒక ముసలాయన, ఆదివారం అత్తగారింట్లో భోజనమయ్యాక తాను ఎప్పుడూ వెళ్తూనే ఉన్నానని సంతృప్తి వెలిబుచ్చాడు.

ఆహారం విభాగంలో రెండు చిక్కులు వచ్చాయి. నమూనా క్రాన్‌బెర్రీ అనే పండును ప్రస్తావించింది. దాన్ని చూసినవాళ్లు కమిటీలో లేరు, ఊళ్లో లేరు. ఎర్రగా ఉంటుందని తెలియడంతో, మన పెరట్లో కాసే న్యాంగాపిరీ పండే అదని ఒక సభ్యుడు ప్రకటించగా మిగతావారు ఆమోదించారు. రెండో చిక్కు పుచ్చకాయ. నీరు ఎక్కువున్న పండ్లు తినాలన్నారు, పుచ్చకాయ తినాలన్నారు. బాగానే ఉంది. కానీ తెరెరే, అదే మంచునీళ్లలో మాతే ఆకు వేసి పీల్చే పానీయం, తాగిన కడుపులో పుచ్చకాయ పడితే మనిషి దక్కడని మా దేశంలో పాలు తాగే పిల్లకు కూడా తెలుసు. తెరెరే మానేయమనడం కమిటీ పరిధిలో లేదు. ఆ మాటకొస్తే ఏ ప్రభుత్వ పరిధిలోనూ లేదు. అందువల్ల బేసి తేదీల్లో తెరెరే, సరి తేదీల్లో పుచ్చకాయ అని షరా చేర్చారు.

తీర్మానం రోజుకు నాలుగు వేల ప్రతులు అచ్చయి వచ్చాయి. యాభైకొకటి చొప్పున ఎనభై కట్టలు. వాటిని ఎక్కడ పెట్టాలన్నది తర్వాతి ప్రశ్న. పాత దస్త్రాల గది పైకప్పు కారుతుంది. హాల్లో పెడితే జనం తీసుకుపోతారు. పైకప్పు కారని, తలుపుకు తాళంకప్ప వేయగల, ఎవరికీ పెద్దగా పని ఉండని గది కావాలి. అలాంటి గది భవనంలో ఒక్కటే ఉందని ఏడుగురూ ఏకాభిప్రాయానికి వచ్చారు.

తాళం పడ్డ మర్నాడు, మంగళవారం పదింటికి సునిల్దా మర్యాదల విభాగం తలుపు దగ్గర నిలబడింది.

"దోన్ అర్సేనియో, ఆ తాళంచెవి ఒక్క నిమిషం ఇప్పిస్తారా?"

"ఎందుకు సెన్యోరా?"

"ఎందుకంటే ఏం చెప్పమంటారు? ఆ గదిలో పనుంది."

"ఆ గదిలో ఇప్పుడు సరుకుంది. సరుకున్న గదిని సరుకు కోసం తప్ప తెరవకూడదు. రూలు నేను పెట్టింది కాదమ్మా."

రూలు ఆయన పెట్టిందే. కింద సంతకం కూడా ఆయనదే.

సునిల్దా పదమూడేళ్లుగా ఫారాల మధ్య బతుకుతున్న మనిషి. తిరిగి వెళ్లి సరుకు తీసుకునే ఫారం తెచ్చింది. వస్తువు: కరపత్రం. సంఖ్య: ఒకటి. ప్రయోజనం: చదువుకోవడానికి.

"సరుకే కావాలి. తలుపు తీయండి, నేనే వెళ్లి తెచ్చుకుంటా."

దోన్ అర్సేనియో ఫారం ఆసాంతం చదివారు. స్టాంపు వేశారు. లేచి కోటు సర్దుకున్నారు. ఆమెను కుర్చీలో కూర్చోబెట్టి నడవ చివరిదాకా వెళ్లి, కప్ప తీసి, లోపలికి వెళ్లి, బయటకు వచ్చి, కప్ప వేసి, రెండు చేతులతో కరపత్రం తెచ్చి కొద్దిగా వంగి అందించారు.

"ఆ కట్టల మధ్య మీరు దూరడమేంటి? బట్టలు పాడవుతాయి. నేనుండగా మీకెందుకు శ్రమ?"

కరపత్రంలో మొదటి వాక్యం "వచ్చినప్పుడు ఆపుకోకండి." సునిల్దా ఆ వాక్యాన్ని సాయంత్రం నాలుగింటిదాకా చదివింది.

ఆ తర్వాత పది పనిదినాల్లో ఆమె మరో పది ఫారాలు నింపింది. ఒకసారి ప్రయోజనం దగ్గర "స్వయంగా పరిశీలించి ఎంచుకొనుటకు" అని రాసింది. దోన్ అర్సేనియో మూడు కరపత్రాలు తెచ్చి బల్ల మీద పరిచారు, ఎంచుకోమన్నారు. మూడూ ఒకటే. ఒకటి ఎంచుకుంది.

ఎదురుగా ఉన్న చౌరస్తా దాటితే పెట్రోలు బంకులో మరుగుదొడ్డి ఉంది. వెళ్లడానికి ఐదు నిమిషాలు, రావడానికి ఐదు. నియమం ప్రకారం ఆమెకు ఉన్నవి పది. మధ్యలో చేయవలసిన పనికి నియమంలో చోటు లేదు. అందుచేత సునిల్దా లెక్కను రెండో వైపు నుంచి చేసింది. లోపలికి ఏమీ పోకపోతే బయటకు రావలసింది ఉండదు. ఫిబ్రవరి మా దేశంలో నడివేసవి. నలభై ఒక్క డిగ్రీల ఎండలో, నీరు తాగే ఉత్సవాలు జరుగుతున్న భవనంలో, ఆమె పనివేళల్లో నీళ్లు మానేసింది.

ఇది రహస్యంగా చేయడం మా దేశంలో కుదరదు. రెండో కిటికీ వెనక రోజంతా తెరెరే నడుస్తుంది. ఒక కూజా, ఒక కొమ్ము గ్లాసు, ఒక గొట్టం. ఉద్యోగుల్లో చిన్నది పెర్లా మంచునీళ్లు పోస్తుంది, వరసలో ఒకరి తర్వాత ఒకరు పీల్చి గ్లాసు తిరిగి ఆమెకిస్తారు. ఎవరూ ఏమీ అనరు. అనకూడదు. "గ్రాసియాస్" అని ధన్యవాదం చెప్పారా, ఇక నాకు పోయకు అని అర్థం. కడుపు నిండినవాళ్లు చివర్లో అంటారు. బుధవారం పొద్దున మొదటి వరసలోనే, గ్లాసు తన ముందుకు రాగానే, పెదవి ఆనించకుండా సునిల్దా ఆ మాట అంది.

పెర్లా చెయ్యి గాల్లోనే ఉండిపోయింది.

"ఏంటక్కా? నా చేత్తో పోస్తే చేదుగా ఉందా?"

"లేదే తల్లీ. చాలు, అంతే."

"తాగకముందే చాలేంటి?"

రెండో కిటికీలో కూర్చునే ఒబ్దులియా వంగి చూసింది. ఆవిడ సర్వీసు ఇరవై ఆరేళ్లు. "కడుపుతో ఉందేమో అడగవే."

"నలభై రెండేళ్లకా?"

"మా అత్తకి నలభై నాలుగు. కవలలు. లేకపోతే పార్టీ మారుంటుంది, అందుకే మన గ్లాసు ముట్టదు. రెండే కారణాలుంటాయి."

మధ్యాహ్నానికి రెండో కారణమే బలపడింది. మా ఊళ్లో మనుషులు మొగుణ్ణి మార్చుకుంటారు, చర్చి మార్చుకుంటారు, పార్టీ మారడం మాత్రం తాతలనాటి సమాధుల దగ్గర జవాబు చెప్పుకోవలసిన విషయం. ఆ మాట శుక్రవారానికి కమిటీ దాకా వెళ్లింది. కమిటీ ప్రతి విభాగానికీ ఒక పట్టిక ఇచ్చి ఉంది. ఒక్కో గ్లాసుకు ఒక్కో గీత. కిటికీల విభాగంలో సునిల్దా పేరుకు ఎదురుగా ఒక్క గీత కూడా లేకపోవడంతో మొత్తం భవనం సగటు పడిపోయింది. కారణం రాతపూర్వకంగా తెలపమన్నారు. ఆమె దాచడం మానేసి చెప్పేసింది. మూడుసార్లు వచ్చింది, నాలుగోసారికి భయంగా ఉంది.

వెంటనే అందరి మనసులూ కరిగిపోయాయి. ఒబ్దులియా గుర్రపుతోక మొక్క తెరెరేలో వేసుకోమంది. పెర్లా వాళ్లమ్మ మొక్కజొన్న పీచు పంపింది. కమిటీలో ఇద్దరు సభ్యులు తమ భార్యలు వాడిన ఆకుల పేర్లు కాగితం మీద రాసిచ్చారు. మేయర్‌గారు కబురు పెట్టి పుచ్చకాయ పంపారు, సరి తేదీన. ఐదు రోజుల్లో ఆమె బల్ల కింద పదిహేడు రకాల ఆకులూ వేళ్లూ చేరాయి. అన్నీ బాగా నీళ్లు కలిపి తాగవలసినవి. అన్నిటి గుణం ఒకటే, మూత్రం ధారాళంగా వచ్చేలా చేస్తాయి. తలుపు సంగతి ఎవరూ ఎత్తలేదు.

"నువ్వెలా నెట్టుకొస్తున్నావే?" అని సునిల్దా ఒకరోజు ఒబ్దులియాను అడిగింది.

"నేనా? పొద్దున ఆరింటికి ఒకసారి, సాయంత్రం ఐదింటికి ఒకసారి. ఇరవై ఆరేళ్లుగా అంతే. నన్ను చూసి గడియారం సరిచేసుకోవచ్చు."

"మంటగా ఉండదూ?"

"ఉంటుంది," అంది ఒబ్దులియా. "ఉండకపోతే ఎలా తెలుస్తుంది ఆడదాన్నని?" తర్వాత పెర్లా చేతి నుంచి గ్లాసు అందుకుని, పీల్చినట్టు చేసి, తిరిగి ఇచ్చింది. ఆమె పేరుకు ఎదురుగా గీత పడింది. సునిల్దా అప్పుడు గ్లాసులోకి చూసింది. నీటి మట్టం తగ్గలేదు.

మునిసిపాలిటీ మెట్ల పక్కన న్యా బ్లాసిదా కూర్చుంటుంది. అరవై ఎనిమిదేళ్ల మనిషి, న్యా అంటే పెద్దమ్మ. చెక్క రోట్లో ఆకులూ వేళ్లూ దంచి తెరెరేకు అమ్ముతుంది. ఊళ్లో సగం మంది మూత్రపిండాలు తన చేతి మీదే నడుస్తున్నాయని అంటుంది, కాదన్నవాళ్లు లేరు. సునిల్దా తనకున్న పది నిమిషాల్లో ఆమె పక్కన మెట్టు మీద చతికిలబడింది.

"న్యా బ్లాసిదా, నాకేదన్నా ఉందా నీ దగ్గర?"

"అన్నీ ఉన్నాయి. ఎండకుంది, పిత్తానికుంది, మొగుడి కోపానికుంది. నీకేం కావాలి?"

"వచ్చినప్పుడు వెళ్లడానికి."

న్యా బ్లాసిదా రోకలి ఆపింది. "అది ఆకు కాదమ్మాయీ, తాళంచెవి. నేను ఆకులమ్ముతాను."

"నువ్వెక్కడికెళ్తావు రోజంతా?"

"ఎక్కడికీ వెళ్లను. ఇంటికెళ్లేదాకా గుక్క నీళ్లు ముట్టను." ఆమె మళ్లీ రోకలి ఎత్తింది. "ముప్పై ఒక్క ఏళ్లుగా చలవ అమ్ముతున్నా. దాని రుచి నాకంటే మీకే బాగా తెలుసు."

ఆ వారం చివర్లో ప్రాంతీయ ఆరోగ్య కార్యదర్శి డాక్టర్ నీదియా రెకాల్దే ప్రచారాన్ని పరిశీలించడానికి వస్తున్నట్టు కబురొచ్చింది. పరిశీలనకు ఫలితం కావాలి. దోన్ అర్సేనియో సరుకు రిజిస్టరు తీశారు. రెండు వారాల్లో ప్రజలకు చేరిన కరపత్రాలు పదకొండు. పదకొండూ ఒకే వ్యక్తి, పదకొండుసార్లు, స్వయంగా కోరి తీసుకున్నారు. ఇలాంటి జ్ఞానతృష్ణ తన ఇరవై రెండేళ్ల సర్వీసులో చూడలేదని ఆయన కమిటీకి నివేదించారు. సునిల్దా బ్రీతెస్‌ను "ఆదర్శ పాఠకురాలు"గా వేదిక మీద సత్కరించాలని ఏకగ్రీవంగా తీర్మానించారు. పార్టీ మారిందన్న ఆరోపణను అదే కాగితంలో ఉపసంహరించుకున్నారు.

సన్మానం శుక్రవారం. తేదీ ఇరవై ఏడు, బేసి, కనుక తెరెరే.

భవనం ముందు షామియానా వేశారు. ధ్రువపత్రాలకు వచ్చినవాళ్లు, చీపా రొట్టెలు అమ్మేవాళ్లు, బడి టీచర్లు కలిపి నూట ఎనభై మంది దాకా ఉన్నారు. మేయర్ దోన్ ఎవాన్హెలిస్తా కాన్యేతే డెబ్భై నిమిషాలు మాట్లాడారు.

"మన పరాగ్వే నది సముద్రాన్ని చేరడానికి ఎవరి అనుమతీ అడగదు!" అన్నారు. చప్పట్లు. "పరానా నది అడగదు! మరి ఈ దేశపు మహిళ ఎందుకడగాలి? ఆపుకోవడం బానిసత్వం! ప్రవహించడం స్వాతంత్ర్యం! నా పాలనలో ఒక్క మహిళ, ఒక్క మహిళ కూడా ఆపుకోవలసిన అవసరం ఉండకూడదని ఈ గుండె మీద చెయ్యేసుకుని చెబుతున్నాను!"

ముందు వరసలో కూర్చున్న ఆడవాళ్లు కాలు మీద కాలు వేసుకుని విన్నారు. కార్యదర్శి రెండు గంటల ప్రయాణం చేసి వచ్చారు. వచ్చినప్పటి నుంచి ప్రతి విభాగమూ మర్యాదగా ఒక గ్లాసు ఇచ్చింది. ఆమె కూడా కాలు మీద కాలు వేసుకున్నారు.

తర్వాత సత్కారం. చదివిన ఒక్కో కరపత్రానికి ఒక్కో గ్లాసు చొప్పున పదకొండు గ్లాసులు ఆదర్శ పాఠకురాలు వేదిక మీద తాగాలని కమిటీ కార్యక్రమం రూపొందించింది. దోన్ అర్సేనియో స్వయంగా పోశారు. అతిథుల ముందు గ్రాసియాస్ అనడం కుదరదు. సునిల్దా తాగింది. రెండు వారాల తర్వాత పనివేళల్లో గొంతు దిగిన నీళ్లు అవి. మూడో గ్లాసు దాకా హాయిగానే ఉంది. ఆరో గ్లాసుకు మేయర్‌గారు లేచి నది సంగతి మరోసారి గుర్తు చేశారు. తొమ్మిదో గ్లాసుకు నవంబరులో ఆసుపత్రి పైకప్పు మీద తిరిగిన ఫ్యాను ఆమెకు గుర్తొచ్చింది. పదకొండో గ్లాసు ఖాళీ చేసి తిరిగి ఇచ్చినప్పుడు ఆమె మోకాళ్లు దగ్గరికి అదుముకుని నిలబడింది. వినయమని దోన్ అర్సేనియో మైకులో వివరించారు.

"రెండు ముక్కలు చెప్పండి సెన్యోరా," అని మైకు ఆమె ఎత్తుకు దించారు.

సునిల్దా మైకు పట్టుకుంది. రాత్రికి రాత్రి ఎవరో రాసిచ్చిన ధన్యవాద ప్రసంగం ఆమె సంచిలో ఉంది. దాన్ని తీయలేదు. దాని పక్కనున్న ఫారం తీసింది.

"అందరికీ నమస్కారం. పదకొండు కరపత్రాలు చదివాను. పదకొండింట్లోనూ ఒకటే ఉంది. మిగతా వాటిలో ఏముందో చూడాలనుంది." ఫారం దోన్ అర్సేనియోకు అందించింది. "వస్తువు కరపత్రం. సంఖ్య మూడు వేల తొమ్మిది వందల ఎనభై తొమ్మిది. ప్రయోజనం చదువుకోవడానికి. ఇప్పుడే కావాలి."

కార్యదర్శి చప్పట్లు కొట్టారు. కార్యదర్శి కొట్టడం చూసి మేయర్‌గారు కొట్టారు. మేయర్‌గారు కొట్టడం చూసి అందరూ కొట్టారు.

"అన్నీనా?" అన్నారు దోన్ అర్సేనియో, మైకుకు దూరంగా.

"అన్నీ. నేనే వెళ్లి తెచ్చుకోనా?"

"అబ్బెబ్బే, నేనుండగా మీకెందుకు..." అనడం ఇరవై రెండేళ్ల అలవాటు. అనేశాక ఆపుకోలేరు. ఫారం మీద స్టాంపు పడింది.

ఆయన మొదటి కట్ట తెచ్చి మెట్ల మీద పెట్టారు. రెండో కట్టకు కోటు విప్పారు. నాలుగో కట్టకు టై విప్పారు. ఆరో కట్టకు కార్యదర్శి వాచీ చూసుకుని, కూర్చునే భంగిమ మార్చుకుని, ఈ కమిటీలో మగవాళ్లు ఒక్కరేనా అని మేయర్‌ను అడిగారు. దాంతో మిగిలిన ఆరుగురూ లేచారు. ఒక ప్రచార కమిటీలోని సభ్యులందరూ కలిసి తమ ప్రచార సామగ్రిని మోయడం మా ఊరి చరిత్రలో అదే మొదలు. మెట్ల పక్కన న్యా బ్లాసిదా కట్టలు విప్పి కాగితం మందం చూసింది. ఆకులు పొట్లం కట్టడానికి సరిపోతుందంది. చీపా అమ్మేవాళ్లు కూడా తలా రెండు కట్టలు తీసుకున్నారు.

ఎన్ని కట్టలు మిగిలాయో సునిల్దా చూడలేదు. తలుపు దగ్గరి నుంచి లోపలికి ఒక మనిషి పట్టే దారి కనిపించగానే వేదిక దిగింది. పరుగెత్తలేదు. పరుగెత్తితే ఏమవుతుందో ఆమెకు తెలుసు. నడవలో ఎదురుగా కట్టతో వస్తున్న దోన్ అర్సేనియో పక్కకు తప్పుకుని, అలవాటు కొద్దీ, తలుపు తెరిచి పట్టుకున్నారు.

ఆమె బయటకు వచ్చేసరికి నడవలో వరస ఉంది. ముందు ఒబ్దులియా. టైము పన్నెండున్నర, ఆమె గడియారం ప్రకారం ఇంకా నాలుగున్నర గంటలు. ఆమె వెనక ఇద్దరు టీచర్లు. నాలుగో మనిషి కార్యదర్శి నీదియా రెకాల్దే, చేతిసంచి కడుపుకు అదుముకుని. తర్వాత చీపా అమ్మే ముగ్గురు, బతికి ఉన్నట్టు ధ్రువపత్రానికి వచ్చిన ముసలావిడ, రోకలి మెట్ల మీద వదిలేసి వచ్చిన న్యా బ్లాసిదా. వరస నడవ దాటి, హాలు దాటి, మెట్ల మీదుగా ఎండలోకి వెళ్లింది. సునిల్దా లెక్కపెట్టింది. యాభై మూడు మంది.

మామిడిచెట్టు వైపు నుంచి వస్తున్న మగవాళ్లు ఆ వరస చూసి ఆగారు.

"ఏం పంచుతున్నారయ్యా లోపల?"

"ఏమో. ఆడవాళ్లందరూ నిలబడ్డారంటే మంచిదే అయ్యుంటుంది. పద, అయిపోద్ది."

నలుగురు వరసలో చేరారు. స్థానిక పత్రిక విలేకరి ఫోటో తీశాడు. ఆరోగ్య సమాచారం కోసం మండుటెండలో బారులు తీరిన పౌరులు అన్న వ్యాఖ్యతో ఆ ఫోటో కమిటీ నివేదికలో రెండో పేజీలో ఉంది. ఫోటోలో కార్యదర్శి ముఖం స్పష్టంగా కనిపిస్తుంది. ఆమె ఆ వ్యాఖ్యను ఖండించలేదు.

ఆ హడావుడిలో తాళంకప్ప ఎక్కడో పోయింది. తాళంచెవి మాత్రం దోన్ అర్సేనియో నడుముకు భద్రంగా ఉంది, అడిగినవాళ్లకు చూపిస్తారు. ప్రచారం విజయవంతమైందని చెప్పక తప్పదు. గుర్రపుతోక ఆకు కొన్న ప్రతి ఇంటికీ పొట్లం రూపంలో ఒక కరపత్రం చేరింది. సునిల్దా ఇప్పుడు రోజుకు రెండు లీటర్లు తాగుతుంది, వచ్చినప్పుడు వెళ్తుంది. పద్నాలుగు నెలలైంది, నాలుగోసారి రాలేదు. ఏ ఆకు పనిచేసిందని ఊరంతా ఆమెను అడుగుతోంది. కమిటీ మాత్రం న్యాంగాపిరీ పండు అని నమోదు చేసింది.

ఈ సంగతి చెబితే మగవాళ్లు దోన్ అర్సేనియో మర్యాద దగ్గర నవ్వుతారు. ఆడవాళ్లు కూడా నవ్వుతారు, కానీ నవ్వే ముందు ఒక్కమాట అడుగుతారు: లోపల గడియ పడుతుందా అని.

పడదు. ఒకరు వెళ్లినప్పుడు ఇంకొకరు బయట నిలబడి తలుపు పట్టుకోవాలి. ఆ ఇంకొకరు ఇంతవరకు ప్రతిసారీ ఆడమనిషే.